అమ్మీ బతికే ఉంది, ఇంట్లో లేదు

అమెరికా టీవీ కామెడీల్లో ఒక అజీబ్ రివాజ్ ఉండేది. అబ్బా ఒక్కడే పిల్లల్ని పెంచే కిస్సా చెప్పాలంటే, చాలాసార్లు ముందుగా అమ్మీని చంపేసేవాళ్లు. 1960లో మొదలైన 'మై త్రీ సన్స్', 'ది ఆండీ గ్రిఫిత్ షో', 1987లో వచ్చిన 'ఫుల్ హౌస్' చూడండి. అన్నిట్లోనూ బీవీని పోగొట్టుకున్న తండ్రులే.

ఎందుకిలా? మౌత్‌కు ఎవరి మీదా ఇల్జామ్ ఉండదు. తలాఖ్ అంటే మాత్రం కసూర్ ఎవరిదని జనం అడుగుతారు. 1970లో 'మేరీ టైలర్ మూర్ షో' రాసినవాళ్లు హీరోయిన్‌ని తలాఖ్ అయిన ఔరత్‌గా చూపిస్తామంటే సీబీఎస్ ఒప్పుకోలేదు. నిశ్చితార్థం తెగిపోయినట్టు మార్చారు. అదే ఏడాది జనవరి 1 నుంచి కాలిఫోర్నియాలో, ఎవరి తప్పూ సాబిత్ చేయకుండానే మియా బీవీ విడిపోవచ్చనే కానూన్ అమల్లోకి వచ్చింది. జిందగీ మారింది, టీవీ ఇంకా భయపడుతూనే ఉంది.

1975లో 'వన్ డే ఎట్ ఎ టైమ్' తలాఖ్ తీసుకుని ఇద్దరు కూతుళ్లను పెంచే తల్లిని చూపించింది. తండ్రి వైపు కథ 1991 జనవరిలో ఎన్‌బీసీ మొదలెట్టిన 'బ్లాసమ్'లో కనబడుతుంది. 1990లో వేసిన నమూనా ఎపిసోడ్‌లో అమ్మీ అబ్బా కలిసే ఉన్నారు. సీరియల్‌గా వచ్చేసరికి కథ మార్చేశారు. అమ్మీ తన కెరీర్ కోసం పారిస్ వెళ్లిపోయింది. మౌసీఖీ పనితో ఇల్లు నడిపే నిక్ రూసో దగ్గర ముగ్గురు పిల్లలు మిగిలారు. పెద్దవాడు నషా నుంచి అప్పుడప్పుడే బయటపడుతున్నాడు. చిన్నది బ్లాసమ్.

మొదటి కథలోనే ఆ పిల్ల పెద్దమనిషి అవుతుంది. ఎవరికి చెప్పాలి? ఖయాల్‌లో ఒక అమ్మీని తెచ్చుకుంటుంది. 'కాస్బీ షో'లో తల్లిగా మషూరైన ఫిలీషియా రషాద్‌ని! జనం నవ్వుతారు, కానీ ఆ నవ్వు కింద దర్ద్ ఉంది.

ఈ సీన్ దగ్గర నాకు మన ఫిఖ్ యాదికొచ్చింది. హనఫీ మస్లక్‌లో ఆమ్‌గా చెప్పే మాట ప్రకారం, కూతురు బాలిగ్ అయ్యేదాకా హిజానత్ హక్ తల్లిది. ఆ తర్వాత తండ్రిది. అంటే బ్లాసమ్ నిలబడిన ఆ గడప దగ్గరే మన దగ్గర బిటియా అబ్బా చేతికొస్తుంది. హైజ్ మసాయిల్ 'బెహిష్తీ జేవర్'లో సాఫ్‌గా రాసే ఉన్నాయి. ఆ కితాబ్‌ని పెళ్లికూతుళ్లకు కానుకిస్తాం. అబ్బాలు మాత్రం ఆ సఫా తిప్పరు. హయా అంటారు. ఆ రోజు ఇంట్లో అమ్మీ లేకపోతే, ఆ పిల్ల తన మాట ఎవరికి చెప్పుకోవాలి?