కొయ్యగుఱ్ఱము – చేతి ఆటయంత్రము

శత్రువులు విడిచిపోయిన కొయ్యగుఱ్ఱమును కానుకయని నమ్మి ట్రాయ్ నగరవాసులు కోటలోనికి చేర్చుకొనిరని గ్రీకుల పురాగాథ. ఆ గాథయే మన కాలమున ఒక ఆటవస్తువు విషయమున మరల జరిగినది.

సోనీ సంస్థ 2004 డిసెంబరు 12న జపానులో ‘ప్లేస్టేషన్ పోర్టబుల్’ అను చేతి ఆటయంత్రమును విడుదల చేసెను. ‘రిడ్జ్ రేసర్స్’ వంటి కారు పందెపు ఆటలు ఆనాడే దానితో వెలువడినవి. ఆటల బిళ్లలను వెలయిచ్చి కొనవలెను. వెలలేని నకళ్లు అనధికార వెబ్‌సైట్లలో దొరకుచుండెను గాని, యంత్రములోని సాఫ్ట్‌వేరు వానిని లోనికి రానీయక కావలి కాచుచుండెను.

2005 అక్టోబరులో, ఆ కావలిని తప్పించునదని చెప్పుకొనుచు ఒక ప్రోగ్రాము బయలుదేరెను. నమ్మి నడిపినవారి యంత్రములలో అది ప్రాణప్రదములైన ఫైళ్లను తుడిచివేసెను. పిదప మీట నొక్కినను యంత్రము మేల్కొనదు. సైమాంటెక్ నిపుణులు దానికి ‘పి.ఎస్.పి. బ్రిక్’ అను ట్రోజనుగా పేరిడిరి. బ్రిక్ అనగా ఇటుక!

నాడు నష్టము ఒక ఆటయంత్రముతో పోయినది. నేడు పిల్లలు ఆటలు దింపుకొను ఫోనులోనే మన బ్యాంకు లెక్కలును, కుటుంబ చిత్రములును గలవు. గుఱ్ఱపు సొంపును మెచ్చుకొనుటకు ముందు, దానిని వాకిట నిలిపినవారెవరో విచారించుట గృహస్థుల కర్తవ్యము.