సైనికుని డైరీ



యుద్ధం అనగానే గెలిచినవాళ్ళ కథలూ, నలిగిపోయినవాళ్ళ కథలూ చెప్పుకుంటాం. పరదేశాన్ని ఆక్రమించిన సైన్యంలోనే ఉంటూ, ఆ సైన్యం చేస్తున్న పాపానికి కుమిలిపోయిన ఒక మనిషి గురించి ఈ పూట చెబుతాను. విల్మ్ హోసెన్‌ఫెల్డ్ జర్మనీలో పల్లెటూరి బడిపంతులు, ఐదుగురు బిడ్డల తండ్రి, దైవభక్తుడు. ఆయన 1935లో నాజీ పార్టీలో చేరాడు. ఇది దాచిపెట్టి ఆయన కథ చెప్పకూడదు.

1939లో జర్మనీ పోలండు మీద పడ్డాక, ఆయన్ని యుద్ధఖైదీల శిబిరంలో వేశారు. భర్తను వెతుక్కుంటూ వచ్చిన ఒక గర్భవతిని చూసి జాలిపడి, ఆమె భర్తను విడిపించాడు. తర్వాత వార్సా నగరంలో సైనికుల వ్యాయామశాల చూసే పని. అక్కడ మారుపేర్లతో కొందరికి కొలువిచ్చి ప్రాణాలు కాపాడాడు.

1942 వేసవిలో వార్సా యూదులను రెండున్నర లక్షలమందికి పైగా రైళ్ళలో కుక్కి, ట్రెబ్లింకాకు చంపడానికి పంపించారు. ఆయన విన్నదీ కన్నదీ డైరీలో రాసుకున్నాడు. పైవాళ్ళ కంటబడితే ప్రాణం దక్కదు! అయినా ఆ నోటుపుస్తకాలను సైనిక తపాలాలోనే ఇంటికి, భార్య ఆన్నెమారీకి పంపించాడు. హంతకులను తిట్టి ఊరుకోలేదు చూడండి, దీన్ని జరగనిచ్చిన మేమందరం దోషులమే అని తననూ కలుపుకుని రాశాడు. యుద్ధం ముగిశాక, మాకేం తెలుసు, ఆజ్ఞ పాటించాం అన్నవాళ్ళు ఎందరో! ఈయన మాత్రం యుద్ధం నడుస్తుండగానే రాశాడు.

మరి యూనిఫాం విప్పాడా అంటే, లేదు. 1944 ఆగస్టులో వార్సా ప్రజలు తిరగబడినప్పుడు, పట్టుబడినవాళ్ళను ప్రశ్నించే పని ఈయన మీద పడింది. చేశాడు. వీలైనవాళ్ళను బతికించాలని చూస్తున్నానని ఇంటికి ఉత్తరం రాశాడు. బతికించాలని చూసిందీ నిజమే, ఆ కుర్చీలో కూర్చున్నదీ నిజమే. ఒకటి చూపించి రెండోది చెరిపెయ్యడం నాకు చేతకాదు.

ఆ నవంబరులో పాడుబడిన ఇంట్లో దాక్కున్న పియానో విద్వాంసుడు ష్పిల్‌మన్ ఆయన కంటపడ్డాడు. పియానో వాయించమన్నాడు, విన్నాడు. ఆ తర్వాత రొట్టెలు తెచ్చిచ్చాడు, చలికి తన కోటు ఇచ్చాడు. 2002లో వచ్చిన సినిమా వల్ల ఈ ఘట్టం లోకానికి తెలిసింది.

1945 జనవరిలో ఆయన సోవియట్ సైన్యానికి చిక్కాడు. తను కాపాడినవాళ్ళ పేర్లు భార్యకు రాసి పంపాడు. ష్పిల్‌మన్ ప్రయత్నించినా లాభం లేకపోయింది. 25 ఏళ్ళ శిక్ష పడింది. 1952 ఆగస్టు 13న స్టాలిన్‌గ్రాడ్‌లో ఖైదీగానే పోయాడు. ఇజ్రాయెల్‌లోని యాద్ వషెమ్ సంస్థ, యుద్ధనేరాల్లో ఆయన చెయ్యి లేదని పరిశీలించుకున్న మీదట, యూదులను కాపాడిన పుణ్యాత్ముల జాబితాలో 2008లో ఆయన పేరు చేర్చింది.