3.4 మడమ నుండి ఇంటిపేరు వరకు: ఒక పదకుటుంబ చరిత్ర

పదాలు కూడా చరిత్రకు ఆధారాలే. అయితే శాసనాన్ని, నాణేన్ని పరీక్షించినట్లే వాటినీ పరీక్షించాలి. తన్నుటకు సంబంధించిన ఒక లాటిన్ పదకుటుంబాన్ని ఉదాహరణగా తీసుకుందాం.

లాటిన్‌లో 'కాల్క్స్' అంటే మడమ. దాని నుండి 'తన్ను' అనే అర్థంలో 'కాల్కిట్రారే' అనే క్రియ ఏర్పడింది. గుర్రం వెనుక కాళ్ళతో ఎదురు తన్నడం 'రెకాల్కిట్రారే'. ఇది 19వ శతాబ్దంలో ఫ్రెంచి ద్వారా ఆంగ్లంలో 'రికాల్సిట్రంట్' అయింది. మొండిగా ఎదురుతిరిగే వ్యక్తి అని దీని అర్థం. పశువు చేష్ట మనిషి స్వభావానికి పేరైంది. తెలుగులో మడమ తిప్పడం వెనుకంజను సూచిస్తే, లాటిన్‌లో మడమ ఎదిరింపును సూచించింది.

మడమ నుండే పాదరక్షకు 'కాల్కెయుస్' అనే పేరు వచ్చింది. ప్రాచీన ఫ్రెంచిలో పాదరక్షలు, కాలితొడుగులు చేసేవారి వృత్తినామం ఈ కుటుంబానిదే. ఆంగ్లకవి జెఫ్రీ చాసర్ (మరణం 1400) ఇంటిపేరుకు అదే మూలం. కానీ ఆయన తండ్రి, తాత వైన్ వర్తకులు. ఇంటిపేరును బట్టి వారి వృత్తిని ఊహిస్తే పొరబడతాం.

ధ్వనిసామ్యం విషయంలోనూ జాగ్రత్త అవసరం. 1808లో హంఫ్రీ డేవీ పేరు పెట్టిన 'కాల్షియం' కూడా 'కాల్క్స్' నుండి వచ్చినదే. అయితే ఆ 'కాల్క్స్' అంటే సున్నం. మడమతో దానికి సంబంధం లేదు.

కాబట్టి పదమూలం పరిశోధనకు దారి చూపుతుంది. నిర్ధారణకు మాత్రం ఇతర ఆధారాలు కావాలి.

మీ ప్రగతిని సరిచూసుకోండి: ఇంటిపేరు ఒక్కటే వంశవృత్తికి ఆధారం కాదని ఉదాహరణతో వివరించండి.