ప్రేమకు అడ్డెవరు?

తెలుగు ఆధునిక సాహిత్యంలో పేరుమోసిన తొలి ప్రేమికుడు మాటకారి మోసగాడు. 1892లో తొలిసారి రంగమెక్కిన 'కన్యాశుల్కం'లో గిరీశం వితంతు వివాహం గురించి ఉపన్యాసాలు దంచుతూనే వితంతువు బుచ్చమ్మకు వల వేస్తాడు. తిరగరాసిన 1909 నాటి రూపంలో నాటకకర్త గురజాడ వాళ్లిద్దరికీ పెళ్లి చేయలేదు. బుచ్చమ్మకు పూనా శరణాలయం దారి చూపించాడు. వితంతువు పెళ్లికి సంఘం ఎలాగూ అడ్డే. ఇక్కడ ప్రేమికుడి బుద్ధి కూడా అడ్డే.

ఆ అడ్డు ఎటు జరుగుతూ వచ్చిందో చూస్తే మన ప్రేమకథల చరిత్ర చాలావరకు తెలుస్తుంది.

1927లో చలం 'మైదానం'లో వకీలు భార్య రాజేశ్వరి ప్రియుడు అమీర్‌తో వెళ్లిపోతుంది. ఆ కథ చెప్పేది కూడా ఆమే, సంజాయిషీ ఏమీ లేకుండా. అయితే సంఘాన్ని వదిలి వెళ్లినంత మాత్రాన పేచీలు తీరలేదు. ఆమె కడుపుతో ఉంటే బిడ్డ వద్దంటాడు అమీర్. పరాయి పెత్తనం లేనిచోట కూడా ఆడదాని ఒంటిమీద అధికారం ఎవరిదన్న ప్రశ్న మిగిలే ఉంది.

అరవైల నాటికి ప్రేమ పత్రికల సీరియళ్లలోకి, అద్దె పుస్తకాల షాపుల్లోకి చేరింది. యద్దనపూడి సులోచనారాణి 'సెక్రటరీ' ఆ కాలపు ముద్దుబిడ్డ. జయంతి ఉద్యోగం చేసుకు బతికే పిల్ల, రాజశేఖరం సంపన్నుడు. వాళ్ల మధ్య అడ్డు తల్లిదండ్రులు కాదు, ఆమె అభిమానం, ఇద్దరి అపార్థాలు. సీరియల్‌కి అది అవసరం కూడా: మనసులో మాట మొదటి నెలే బయటపడితే మరుసటి నెల పత్రిక ఎవరు కొంటారు?

పెళ్లితో శుభం కార్డు వేసే ఆ పద్ధతిని 1987లో ఓల్గా 'స్వేచ్ఛ' తిరగేసింది. ప్రేమించి పెళ్లాడిన అరుణకు అసలు కథ పెళ్లయ్యాకే మొదలవుతుంది. 2004లో శేఖర్ కమ్ముల 'ఆనంద్' సినిమాలో రూప పెళ్లిపీటల దాకా వచ్చి వెనుదిరుగుతుంది. గొడవ చీర గురించి. చనిపోయిన అమ్మ చీర కట్టుకుంటానంటే కాబోయే అత్తగారు కుదరదంది. పెళ్లికొడుకు తల్లి పక్షం తీసుకున్నాడు.

అదే దర్శకుడి 'లవ్ స్టోరీ' 2021లో వచ్చింది. హీరో దళిత క్రైస్తవుడు, హీరోయిన్ పైకులం పిల్ల. సీరియళ్లు చాలాకాలం పేరెత్తకుండా దాటేసిన కులం ఇక్కడ నేరుగా ఎదురు నిలిచింది. అభిమానాలు, అపార్థాలు రాయడంలో మనవాళ్లు ఆరితేరారు. కులం పేరు చెప్పి ప్రేమకథ రాయడం మాత్రం ఇప్పటికీ తెగువ కిందే లెక్క.