ఊరక వచ్చిన ఆట

వెల యీయక కంప్యూటరు ఆటలను తెచ్చుకొనుట ఇటీవలి వాడుక యని పలువురు తలంతురు. కాని ఇట్టి నకళ్ల వివాదమునకు దాదాపు అర్ధశతాబ్ది చరిత్ర కలదు.

1976 ఫిబ్రవరిలో బిల్ గేట్స్ అను అమెరికా యువకుడు కంప్యూటరు ఔత్సాహికులకు ఒక బహిరంగ లేఖ వ్రాసెను. ఆల్టెయిర్ యంత్రమునకై తానును మిత్రులును కూర్చిన బేసిక్ ప్రోగ్రామును వాడువారు పెక్కుమంది, కొన్నవారు కొద్దిమంది. శ్రమకు ప్రతిఫలము దక్కనిచో మంచి ప్రోగ్రాములను ఎవరు వ్రాయుదురని ఆ లేఖ సారాంశము. పలువురు కోపించిరి. మిత్రుల నడుమ పంచుకొనుట వారికి తప్పుగా తోచలేదు.

పంచుకొనుటలోని మరియొక అపాయము 1982లో బయటపడెను. పెన్సిల్వేనియాలో రిచ్ స్క్రెంటా అను పదునైదేండ్ల విద్యార్థి ఆటల ఫ్లాపీలలో చిలిపి మార్పులు చేసి మిత్రులను ఏడిపించుచుండెను. వారు అతనిని తమ ఫ్లాపీలు ముట్టనీయుట మానిరి. అంతట అతడు ఎల్క్ క్లోనర్ అను ప్రోగ్రామును వ్రాసెను. అది ఒక ఫ్లాపీనుండి మరియొకదానికి తనంత తానే ప్రాకి, ఏబదియవ మారు ఒక చిన్న పద్యమును తెరపై చూపెడిది. నష్టము స్వల్పమే. కాని చేతులు మారిన ఆటలో ఏమి దాగియున్నదో తెలియదని అందరకు తెలిసివచ్చినది.

నేటి ఆటలు కొన్ని నూరు గిగాబైట్లను మించును. వానిని కుదించు విద్యకు 1977లో ఏబ్రహాం లెంపెల్, జేకబ్ జివ్ అను ఇజ్రాయెల్ శాస్త్రజ్ఞులు గట్టి పునాది వేసిరి. పాటల పుస్తకములో పల్లవిని ఒకమారే పూర్తిగా అచ్చువేసి, పిమ్మట తొలిపదమును మాత్రము సూచింతురు గదా! ఈ పద్ధతియు అట్టిదే. విద్యలో దోషము లేదు. అయితే దొంగ నకలును కుదించి పంచువాని మూటను విప్పవలెనన్న, ఆ అజ్ఞాతుడు కూర్చిన ప్రోగ్రామునే మన యంత్రముపై నడపవలెను. వైరస్ రక్షణను ఆపుమనియు కొందరు చెప్పుదురు.

అట్టి ఆటలలో దాగిన క్రాకొనోష్ అను ప్రోగ్రామును 2021లో అవాస్ట్ సంస్థ వెల్లడించెను. అది 2,22,000కు పైగా కంప్యూటర్లలో చొరబడి, రక్షణను తొలగించి, యజమాని విద్యుత్తుతో ఎవరికో మొనెరో అను డిజిటల్ నాణెములను గడించి పెట్టినది.

మన దేశమున 1957 నాటి కాపీరైటు చట్టములో 1984 సవరణ కంప్యూటరు ప్రోగ్రాములను చేర్చినది. దొంగ నకలని తెలిసి వాడుటను 1994 సవరణ నేరముగా నెంచినది.

రేడియోలో పాట వినిపించునపుడు గాయకునికి మేము పారితోషిక మిత్తుము. శ్రోత ఇంట అది ఊరక వినబడును. ఆటలను సమ్మతితో ఉచితముగా నిచ్చు నిర్మాతలును కలరు. వారు ఇచ్చినది పుచ్చుకొనుటలో తప్పు లేదు. ఇల్లాలి బ్యాంకు లెక్కలు, పిల్లల ఛాయాచిత్రములు ఉన్న యంత్రములోనికి అజ్ఞాతుని మూటను దించుటకు ముందు, పెద్దలు పిల్లలతో కూర్చుండి ఈ భేదమును చెప్పవలెనని మా మనవి.