ఒక సెంటులో ఇల్లు పెరుగుతుందా? కేపీహెచ్‌బీ నుంచి నంద్యాల శివారు దాకా

హైదరాబాదు కూకట్‌పల్లి హౌసింగ్ బోర్డు కాలనీ (కేపీహెచ్‌బీ)లో నడుస్తుంటే గేటు పక్క గోడల మీద చిన్న పలకలు కనిపిస్తాయి. ఎల్‌ఐజీ అనో, ఎంఐజీ అనో, పక్కనే ఒక నంబరు. ఎల్‌ఐజీ అంటే తక్కువ ఆదాయం వాళ్లకని కట్టిన ఇల్లు. తలెత్తి చూస్తే ఆ పలక ఉన్నచోట నాలుగైదు అంతస్తులు లేచి ఉంటాయి. కింద కర్రీ పాయింటు, పైన హాస్టలు, బాల్కనీ కమ్మీల నిండా ఆరేసిన తువ్వాళ్లు. పాత ఇల్లు పడగొట్టి ఏళ్లయింది. చిరునామా మాత్రం ఆ ఇంటిదే.

ఉయ్యాలవాడ, కోవెలకుంట్ల, ఆళ్లగడ్డ వైపు నుంచి చదువుకో ఉద్యోగానికో బయల్దేరే పిల్లల్లో చాలామందికి హైదరాబాదులో మొదటి మజిలీ ఆ కాలనీయే. రాత్రి ఆళ్లగడ్డలో బస్సెక్కితే నంద్యాల, కర్నూలు మీదుగా తెల్లారేసరికి అక్కడ దిగుతారు. వాళ్లు వదిలి వెళ్లిన నంద్యాల శివార్లలోనూ ప్రభుత్వం కొలతలు వేసి, రాళ్లు పాతి, వీధులు గీసి కట్టిన కాలనీలున్నాయి. టిడ్కో అనే ప్రభుత్వ సంస్థ కట్టించిన అపార్టుమెంట్లు ఉన్నాయి, సెంటు స్థలాల లేఅవుట్లు ఉన్నాయి. వీటి గురించి మాట్లాడేటప్పుడు ఎన్ని ఇళ్లు మంజూరయ్యాయి, ఎన్ని పూర్తయ్యాయి, ఎన్ని తాళాలు అందాయి అన్న లెక్కే ముందుకొస్తుంది. ఈ వ్యాసం అడిగేది వేరు. కట్టిన కాలనీ ఎప్పుడు పెరుగుతుంది, దేనివల్ల పెరుగుతుంది? కేపీహెచ్‌బీ పెరిగిన తీరును దగ్గరగా చూస్తే మన శివార్లకు పనికొచ్చే సంగతులు కొన్ని దొరుకుతాయి. అక్కడి అనుభవాన్ని ఇక్కడికి నేరుగా తెచ్చుకోవడం ఎందుకు కుదరదో కూడా తెలుస్తుంది.

ఆంధ్రప్రదేశ్ హౌసింగ్ బోర్డు 1956 నాటి చట్టంతో ఏర్పడింది. 1970లో కేంద్ర ప్రభుత్వ గృహరుణ సంస్థ హడ్కో వచ్చాక ఇలాంటి బోర్డులకు పెద్ద ఎత్తున అప్పు పుట్టే దారి దొరికింది. 1980ల దశకంలో బోర్డు కూకట్‌పల్లిలో కాలనీ కట్టేనాటికి అది బొంబాయి రోడ్డు మీద ఊరు దాటాక వచ్చే శివారు. అయితే ఏమీ లేని చోటు కాదు. ఇటు బాలానగర్ పారిశ్రామికవాడ, ఐడీపీఎల్ మందుల ఫ్యాక్టరీ అప్పటికే ఉండేవి. అటు రామచంద్రాపురంలో బీహెచ్‌ఈఎల్ ఉంది. కార్మికులకు, చిన్న ఉద్యోగులకు నెలజీతం అందే దూరంలోనే ఇల్లు వచ్చింది. ఈ సంగతిని తేలిగ్గా దాటేయకూడదు. హైటెక్ సిటీ వల్లే కేపీహెచ్‌బీ లేచిందని అందరూ అంటారు గానీ, సైబర్ టవర్స్ ప్రారంభమైంది 1998 నవంబరులో. అప్పటికే కాలనీలో సంసారాలు సాగుతున్నాయి, పిల్లలు బడికి వెళ్తున్నారు. హైటెక్ సిటీ కాలనీని పుట్టించలేదు. ఉన్న కాలనీ రూపాన్ని మార్చింది.

ఆ మార్పులో ఉద్యోగాల పాత్ర ఎంతో తూచడానికి వనస్థలిపురం అక్కరకొస్తుంది. అదీ హౌసింగ్ బోర్డు కాలనీయే, అక్కడా ఎంఐజీ, హెచ్‌ఐజీ పలకలే. రెండూ ఒకే రహదారి మీద, ఇప్పుడు 65వ నంబరుగా పిలిచే జాతీయ రహదారి మీద, నగరానికి చెరో కొసన ఉన్నాయి. కూకట్‌పల్లి పుణె వైపు, వనస్థలిపురం విజయవాడ వైపు. కట్టించిన సంస్థ ఒకటే, ఇళ్ల తరగతులు దాదాపు ఒకటే, దారి ఒకటే. అయినా వనస్థలిపురం ప్రధానంగా కుటుంబాలుండే కాలనీగా స్థిరపడింది. కేపీహెచ్‌బీ హాస్టళ్లకు, కోచింగ్ సెంటర్లకు పేరుపడింది. ఒక కొసకు సాఫ్ట్‌వేర్ కొలువులు దగ్గరయ్యాయి, రెండో కొసకు కాలేదు. తేడాకు పెద్ద కారణం ఇదేననుకోవడం సబబుగానే ఉంది. కాని రెండు కాలనీలను పక్కపక్కన పెట్టి చూసినంత మాత్రాన రుజువైపోయిందని అనలేం. జేఎన్‌టీయూ ప్రాంగణం కూకట్‌పల్లిలో ఉండటం, దాని చుట్టూ విద్యార్థుల బజారు ఏర్పడటం కూడా లెక్కలోకి రావాలి.

మెట్రో విషయంలో ఇంకా జాగ్రత్త అవసరం. మియాపూర్ నుంచి అమీర్‌పేట మీదుగా నాగోలు దాకా రైలు 2017 నవంబరులో మొదలైంది. కేపీహెచ్‌బీ కాలనీ పేరుతోనే ఒక స్టేషనుంది. ఇళ్లు, అద్దెలు, జనసాంద్రత అన్నీ మెట్రో తెచ్చిందేనన్న మాట వెంచర్ల ప్రకటనల్లో తరచూ వినిపిస్తుంది. తేదీలు చూస్తే వరస తిరగబడుతుంది. జనం ముందొచ్చారు, రైలు వెనకాల వచ్చింది. మియాపూర్‌లో మొదలయ్యే ఎర్రగీత మార్గం రెండో కొస 2018 సెప్టెంబరులో ఎల్బీనగర్ చేరి, వనస్థలిపురానికి ముందే ఆగింది. రైలు సాధారణంగా జనం గుమిగూడిన చోటును వెతుక్కుంటూ వస్తుంది. ముంబయి దగ్గర కథ కొంచెం వేరు. నవీ ముంబయి కట్టడానికి సిడ్కో 1970లో పుట్టింది, వాషికి లోకల్ రైలు 1992లో చేరింది. మధ్య 22 ఏళ్లు. ఆ తర్వాత ఊరు ఊపందుకున్న మాట నిజమే. కాని అంతదాకా అక్కడ కాపురమున్నవాళ్లు రోజూ పడ్డ ప్రయాణం ఏ పటంలోనూ కనిపించదు.

ఉద్యోగం దగ్గరుంటే చాలు, కాలనీ దానంతటదే నిండుతుందా అంటే అదీ కాదు. 2007లో మధ్యతరగతి కోసమని రాజీవ్ స్వగృహ పథకం మొదలైంది. హైదరాబాదు అంచున పోచారంలో అపార్టుమెంట్లు లేచాయి. అక్కడికి దగ్గర్లోనే ఇన్ఫోసిస్ ప్రాంగణం ఉంది. అయినా ఆ ఫ్లాట్లు ఏళ్ల తరబడి అమ్ముడు కాకుండా ఉండిపోయి, చివరికి 2022లో లాటరీ ద్వారా కేటాయింపుకొచ్చాయి. బండ్లగూడలో కట్టినవాటిదీ అదే గతి. ధర, అసంపూర్తి పనులు, కొనేవాడికి నమ్మకం తప్పిపోవడం, ఇవన్నీ కొలువు దగ్గరున్న లాభాన్ని మింగేశాయి.

కేపీహెచ్‌బీకి దక్కిన ఇంకో వసతి గురించి పెద్దగా చర్చ జరగలేదు. ఈ వ్యాసానికి అసలు కీలకం అదే అనుకుంటున్నాను. బోర్డు అక్కడ ఎంతోమందికి ఇచ్చింది నేల మీద ఇల్లు. ఇంటితో పాటు కింది జాగా యజమానిదే. చేతిలో డబ్బాడినప్పుడు ఒక గది వేసుకున్నాడు, కూతురి పెళ్లప్పుడు పై అంతస్తు వేశాడు, అద్దెకు గిరాకీ వచ్చినప్పుడు పాతది కూల్చి హాస్టలు కట్టాడు. హైదరాబాదు రాతినేల మీద పునాది సమస్య కూడా తక్కువే. ప్లానులో లేనిది జనం సొంత డబ్బుతో చేర్చుకుంటూ పోయారు. పెరుగుదల అని మనం పిలిచేదాంట్లో పెద్ద భాగం ఇదే.

దానికి మూల్యం లేకపోలేదు. ఒక కుటుంబం వాడకానికని వేసిన మురుగు పైపు ఇప్పుడు ఒక హాస్టలంత జనాన్ని మోస్తోంది. రెండు స్కూటర్లకు సరిపోయే వీధిలో వాటర్ ట్యాంకరు నిలిస్తే నడవడానికి సందు దొరకదు. అనుమతి లేని అంతస్తులు ఎంత పెరిగాయంటే, 2007 చివర్లో ఉమ్మడి రాష్ట్ర ప్రభుత్వం డబ్బు కట్టించుకుని వాటిని క్రమబద్ధం చేసే పథకం తెచ్చింది, 2015లో తెలంగాణ ప్రభుత్వం మళ్లీ అలాంటిదే తెచ్చింది. అవి కేపీహెచ్‌బీ కోసమే వచ్చినవి కావు గాని, అక్కడి వీధులు చూసినవాళ్లకు ఆ పథకాల అవసరం వివరించనక్కర్లేదు.

ఇక నంద్యాల. జిల్లా కేంద్రమైంది 2022 ఏప్రిల్ 4న. ఎర్రగుంట్ల రైలు మార్గం 2016లో తెరుచుకుని బనగానపల్లె, కోవెలకుంట్ల మీదుగా కడప వైపు దారి చూపింది. ప్రభుత్వ వైద్య కళాశాల 2023లో మొదలైంది. 2011 జనగణన నాటికే పట్టణ జనాభా రెండు లక్షలు దాటింది. శివారు పెరగడానికి కారణాలు నిజంగానే ఉన్నాయి. కాని నేల వేరు. నల్లమల, ఎర్రమలల నడుమ కుందూ పారే ఈ లోయంతా నల్లరేగడి. వానకు ఉబ్బుతుంది, ఎండకు నెర్రెలిస్తుంది. వేసవిలో మా పొలాల్లో చేయి పట్టేంత నెర్రెలు చూసినవాళ్లకు పునాది సంగతి కొత్తగా చెప్పాల్సిన పని లేదు. పాత ఇళ్లవాళ్లు రేగడిని తోడి గరుసు నింపి గోడ లేపేవాళ్లు. రూర్కీలోని కేంద్ర భవన పరిశోధన సంస్థ ఇలాంటి నేలల కోసమే కింది భాగంలో బుడ్డిలా వెడల్పయ్యే పైలు పునాదిని తయారుచేసింది. ఏ పద్ధతి పట్టినా ఖర్చే. ఒక అంతస్తుకని పైపైన వేసిన పునాది మీద రెండో అంతస్తు లేపడం రేగడిలో ప్రమాదం.

ఈ నేల మీద ప్రభుత్వం ఇచ్చినవి రెండు రకాలు. మొదటిది టిడ్కో. 300, 365, 430 చదరపు అడుగుల ఇళ్లు, నాలుగంతస్తుల భవనాల్లో. షియర్ వాల్ పద్ధతిలో కట్టారు, అంటే ఇటుక గోడ ఉండదు, గోడే కాంక్రీటు, భారం మోసేదీ అదే. గట్టిదనంలో, వేగంలో అది మంచి పద్ధతి. కాని ఆ గోడకు కొత్త కిటికీ పెట్టలేం, పక్కకు గది జరపలేం, పైకి లేపలేం. 300 అడుగుల ఇల్లు ఎన్నేళ్లయినా 300 అడుగులే. కొడుక్కు పెళ్లయితే వేరే ఇల్లు చూసుకోవాల్సిందే.

రెండోది సెంటు స్థలం. 2020 డిసెంబరు 25న మొదలైన పథకంలో పట్టణాల్లో సెంటు, పల్లెల్లో సెంటున్నర చొప్పున పట్టాలిచ్చారు, రాష్ట్రమంతా కలిపి 30 లక్షలకు పైగా. సెంటంటే 48.4 చదరపు గజాలు, 435.6 చదరపు అడుగులు. అందులో కట్టమన్న ఇల్లు 340 చదరపు అడుగులు. మిగిలేది 95 అడుగులు చిల్లర. మెట్లకు, నీళ్ల తొట్టికి, మరుగుదొడ్డి గుంతకు, సైకిలు మోటరుకు, అన్నిటికీ అదే. సెంటున్నరలో మిగిలేది 313 అడుగులు. ఉయ్యాలవాడలో పాత ఇల్లు ఎలా ఉంటుందో ఒకసారి తలుచుకుంటే తేడా తెలుస్తుంది. ముందు బేతంచెర్ల బండలు పరిచిన అరుగు, లోపల మిద్దె, పక్కన పశువుల కొట్టం, వెనక దొడ్డి, దొడ్లో గడ్డివామి, కట్టెలు, కోళ్ల గంప. ఇంట్లో సగం పని బయటే జరుగుతుంది. కొత్త కాలనీ స్థలం చూసి మా వైపు వాళ్లు అడిగే ప్రశ్న ఒకటే: బర్రెను యాడ కట్టేయాల? అడిగేది సౌకర్యం గురించి కాదు, ఆదాయం గురించి. పాలు పోసి నెల గడుపుకునే మనిషికి ఆ స్థలంలో ఇల్లు వస్తుంది, బతుకుతెరువు రాదు. అందుకే ఇల్లు కట్టుకున్నాక కూడా కొందరు పగలంతా పాత ఊళ్లోనే ఉంటారు. 2025లో రాష్ట్ర ప్రభుత్వం పట్టణంలో రెండు సెంట్లు, పల్లెలో మూడు సెంట్లు ఇవ్వాలని నిర్ణయించడం ఈ ఇబ్బందిని ఒప్పుకున్నట్టే. పాత లేఅవుట్లలో ఇప్పటికే ఇల్లు కట్టుకున్నవాళ్ల జాగా మాత్రం దాంతో పెరగదు.

కాబట్టి కేపీహెచ్‌బీని పెంచిన రెండు బలాల్లో ఒకటి, ఇంటిని యజమాని తనంతట తాను మార్చుకుంటూ పోగలగడం, మన శివారు కాలనీలకు దాదాపు లేదు. టిడ్కోలో గోడ ఒప్పుకోదు, సెంటులో జాగా ఒప్పుకోదు, రెండిటి కింద రేగడి ఒప్పుకోదు. ఇక మిగిలింది రెండో బలం, పని దగ్గర ఉండటం. టిడ్కో ఇల్లు దక్కినవాళ్లలో కూలీలు, ఆటోవాళ్లు, దుకాణాల్లో పనిచేసేవాళ్లు ఎక్కువ. వాళ్ల పని బజారులో, మార్కెట్ యార్డులో, లారీలు ఆగే చోట ఉంటుంది. ఆ చోటికి పోను, రాను ఆటోకయ్యే డబ్బు ఇంటద్దె మిగిలిన లాభాన్ని తినేస్తే, తాళం చేతికొచ్చినా సంసారం పాత అద్దెగదిలోనే సాగుతుంది. దీన్ని లబ్ధిదారుల నిర్లక్ష్యమని కొందరు అంటుంటారు. ఆ మాట అన్యాయం. రోజుకూలీతో బతికే ఇల్లాలికి తన లెక్క ఏ అధికారికన్నా బాగా తెలుసు.

నీటి సంగతి ఇంకొకటి. 2019 సెప్టెంబరు వానలకు కుందూ పొంగిన, మహానంది ఆలయంలోకి నీళ్లొచ్చిన రోజులు ఇక్కడివాళ్లకు గుర్తే. చవగ్గా దొరికే ప్రభుత్వ భూమి తరచూ పల్లంలోనో వంక పక్కనో ఉంటుంది. కర్నూలులో టిడ్కో ఇళ్లను జగన్నాథగట్టు మీద కట్టారు. గుట్ట కావడంతో వరద భయం లేదు, దూరం భయం మాత్రం ఉంది. అయితే అదే గట్టు మీద ట్రిపుల్ ఐటీడీఎం విద్యాసంస్థ ప్రాంగణం కూడా వచ్చింది. దాని చుట్టూ అంగళ్లు, మెస్సులు, పనిమనుషుల అవసరం పుట్టి ఆ ఇళ్లకు కొలువు దగ్గరవుతుందా అన్నది వచ్చే పదేళ్లలో చూడదగ్గ విషయం. నంద్యాలలో వైద్య కళాశాల విషయంలోనూ ఇదే చూడాలి.

ఈ పరిశీలనకు ఖరీదైన సర్వే అక్కర్లేదు. నంద్యాల, ఆళ్లగడ్డ డిగ్రీ కాలేజీల పిల్లలు ఒక ఏడాది పాటు ఓపిగ్గా చేయగల పని ఇది. కాలనీలో ప్రతి ఇంటికీ కరెంటు మీటరుంటుంది. నెలకు యూనిట్లు ఎన్ని తిరిగాయో ఆ మీటరు చెబుతుంది, తాళం ఇచ్చిన రోజు తీసిన ఫొటో చెప్పదు. అంగన్‌వాడీలో పేర్లు ఎన్నున్నాయి, రేషన్ కార్డు ఎంతమంది కొత్త చోటికి మార్పించుకున్నారు, సాయంత్రం ఎన్ని గేట్ల ముందు ముగ్గు చెరిగి ఉంది, బజారు నుంచి కాలనీకి ఆఖరి షేర్ ఆటో ఎన్ని గంటలకు. ఆ చివరి ప్రశ్న దుకాణం కట్టేశాక రాత్రి తొమ్మిదింటికి ఇంటికి బయల్దేరే అమ్మాయిని అడగాలి.