మంచి కుర్రాడి పరుగు

2008లో 'ది ఎక్స్‌ప్రెస్' అని ఒక హాలీవుడ్ సినిమా వచ్చింది. ఎర్నీ డేవిస్ అనే కాలేజీ ఫుట్‌బాల్ ఆటగాడి కథ. చూసినవాళ్లకి బాగా గుర్తుండిపోయే సీను అందులో ఒకటుంది. 1959లో సిరక్యూజ్ యూనివర్సిటీ జట్టు ఆడటానికి వెస్ట్ వర్జీనియా వెళ్తుంది. గ్యాలరీలన్నీ నల్ల ఆటగాళ్ల మీద విరుచుకుపడతాయి. మన కడుపు రగిలిపోతుంది.

ఆ ఏడాది ఆ రెండు జట్లూ తలపడిన మాట నిజమే. కానీ ఆట జరిగింది సిరక్యూజ్‌లో, డేవిస్ సొంత మైదానంలో. సిరక్యూజ్ 44-0తో గెలిచింది. సినిమా చూసి వెస్ట్ వర్జీనియా వాళ్లు మా మీద ఈ నింద ఏమిటని గోల పెట్టారు. పెట్టరా మరి!

సినిమావాళ్లు కల్పించడంలో వింతేమీ లేదు. నాకు వింతగా తోచింది వేరే. 1950ల అమెరికాలో ఒక నల్లజాతి కుర్రాడి కథ తీస్తూ, వివక్షని కల్పించుకోవాల్సిన ఖర్మ ఎందుకు పట్టింది? జరిగింది చాలలేదా? డేవిస్ గురించి చదువుతూ పోతుంటే నాకు మెల్లగా అర్థమైంది. అతనికి జరిగినవాటిలో చాలామటుకు మర్యాదగా జరిగాయి. మర్యాదగా జరిగేదాన్ని సినిమా తీయడం కష్టం.

అసలు ఈ ఆటేమిటో రెండు ముక్కల్లో చెప్పాలి. పేరుకే ఫుట్‌బాల్. కోడిగుడ్డు ఆకారంలో ఉండే బంతిని చేతులతో పట్టుకుని అవతలి గీత దాకా మోసుకెళ్లాలి. నాలుగు ప్రయత్నాల్లో పది గజాలు ముందుకి జరగకపోతే బంతి అవతలివాళ్లకి పోతుంది. రన్నింగ్ బ్యాక్ అంటే బంతిని పొట్టకి అదుముకుని మనుషుల గోడలోకి దూరేవాడు. కబడ్డీలో రైడర్‌ని ఊహించుకోండి. కాకపోతే ఇక్కడ కూత ఉండదు, ఎదురుగా ఏడుగురికి బదులు పదకొండుమంది ఉంటారు, వెనక్కి తిరిగి రావాల్సిన పనీ లేదు. ఒక పరుగుకి నాలుగు గజాలు వస్తే బాగా ఆడినట్టే. డేవిస్ మూడేళ్ల సగటు 6.6.

మూడేళ్లే ఎందుకంటే, మొదటి ఏడాది కుర్రాళ్లని అప్పట్లో ప్రధాన జట్టులో ఆడనిచ్చేవారు కాదు. జీతం కూడా లేదు. ఫీజు, గది, భోజనం, అంతే. టికెట్ల మీద వచ్చే డబ్బూ, పేరూ యూనివర్సిటీవి.

డేవిస్ సంగతికి ముందు జిమ్ బ్రౌన్ సంగతి చెప్పుకోవాలి. సిరక్యూజ్‌లో 44 నంబరు చొక్కా డేవిస్ కంటే ముందు అతనిది. 1953లో చేరినప్పుడు అతనికి ఫుట్‌బాల్ స్కాలర్‌షిప్ కూడా లేదు, సొంతూరి పెద్దమనుషులు చందాలు పోగేసి పంపించారు. అంతకు కొన్నేళ్ల ముందు అక్కడ అవేటస్ స్టోన్ అనే నల్లజాతి ఆటగాడు ఉండేవాడు. తలవంచే రకం కాదు, తెల్లమ్మాయితో తిరిగాడు. నువ్వు మాత్రం వాడిలా తయారవకు అని తన చెవిలో ఎప్పుడూ ఊదుతూ ఉండేవారని బ్రౌన్ తర్వాతి కాలంలో రాసుకున్నాడు. అతను స్టోన్‌లా తయారవలేదు గానీ, వాళ్లు కోరుకున్నట్టూ తయారవలేదు. ముక్కుసూటి మనిషి, చూపులోనే పొగరు. 1956లో కోల్గేట్ మీద ఒక్క ఆటలో 43 పాయింట్లు చేశాడు. ఆ సీజన్‌లో 986 గజాలు పరిగెత్తాడు.

దేశంలోకెల్లా ఉత్తమ కాలేజీ ఆటగాడికి ఏటా ఇచ్చేది హైస్మన్ ట్రోఫీ. ఎక్కువగా పత్రికలవాళ్ల ఓట్లతో తేలుతుంది. 1956లో అది నోటర్‌డామ్ ఆటగాడు పాల్ హార్నంగ్‌కి వచ్చింది. ఆ ఏడాది అతని జట్టు రెండు ఆటలు గెలిచి ఎనిమిది ఓడిపోయింది! బ్రౌన్‌కి ఐదో స్థానం. ఇక్కడ ఎవరూ తిట్టలేదు, ఏదీ విసరలేదు. ఓట్లు లెక్కపెట్టారు, ఐదో స్థానం అన్నారు.

సరిగ్గా ఐదేళ్లకి అదే ట్రోఫీ, అదే యూనివర్సిటీలో, అదే 44 నంబరు చొక్కా వేసుకున్న మరో నల్లజాతి కుర్రాడికి వచ్చింది. హైస్మన్ గెలిచిన మొదటి నల్లజాతి ఆటగాడు ఎర్నీ డేవిస్. ఆ ఐదేళ్లలో మారింది దేశమా, లేక అభ్యర్థి స్వభావమా?

డేవిస్ 1939 డిసెంబరులో పెన్సిల్వేనియాలోని బొగ్గు గనుల ప్రాంతంలో పుట్టాడు. తండ్రిని ఎరగడు. యూనియన్‌టౌన్ అనే ఊళ్లో అమ్మమ్మా తాతయ్యా పెంచారు, తాత గనిలో పనిచేసేవాడు. పిల్లాడికి నత్తి. నోరు తిరగని పిల్లలు వినడం బాగా నేర్చుకుంటారు, ఎదుటివాళ్ల మొహాలు చదవడమూ నేర్చుకుంటారు. పెద్దయ్యాక అతని గురించి మాట్లాడినవాళ్లందరూ మొదట చెప్పేది ఆ నెమ్మదే. కాళ్ల గురించి ఆ తర్వాతే.

పన్నెండేళ్లప్పుడు తల్లి దగ్గరికి, న్యూయార్క్ రాష్ట్రంలోని ఎల్మైరా ఊరికి వచ్చాడు. చిన్న ఊరే గానీ చరిత్ర గట్టిది. అంతర్యుద్ధంలో దక్షిణాది సైనికుల్ని బంధించిన జైలు శిబిరం ఇక్కడే ఉండేది. అందులో దాదాపు మూడువేలమంది చచ్చిపోయారు. వాళ్లని పూడ్చిపెట్టే పని జాన్ డబ్ల్యూ. జోన్స్ అనే ఆయన చేశాడు. వర్జీనియాలో బానిసత్వం నుంచి పారిపోయి వచ్చిన మనిషి! తనలాంటివాళ్లని బానిసలుగానే ఉంచాలని యుద్ధానికి దిగిన సైన్యం వాళ్లని, ఒక్కొక్కరి పేరూ జాగ్రత్తగా రాసిపెట్టి మరీ పాతిపెట్టాడు. పగవాళ్లతో కూడా మర్యాదగా ఉన్నందుకు నల్లవాళ్లని మెచ్చుకోవడం ఆ ఊరికి అలా పాత అలవాటు. (మార్క్ ట్వేన్ అత్తగారి ఊరు కూడా ఇదే. ప్రతి వేసవికీ ఇక్కడికొచ్చి రాసుకునేవాడు.)

హైస్కూల్లో డేవిస్ ఫుట్‌బాలూ, బాస్కెట్‌బాలూ రెండూ చెలరేగి ఆడాడు. స్థానిక పత్రిక 'ఎల్మైరా ఎక్స్‌ప్రెస్' అని పేరు పెట్టింది. కాలేజీలు ఎగబడ్డాయి. సిరక్యూజ్ తరపున ఒప్పించడానికి జిమ్ బ్రౌనే వచ్చాడు. అక్కడ తనకి నడిచిన రోజులు తెలిసీ వచ్చాడు. అది నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

సిరక్యూజ్ కోచ్ బెన్ ష్వార్ట్‌జ్‌వాల్డర్, రెండో ప్రపంచ యుద్ధంలో నార్మండీ మీదికి పారాచూట్‌తో దూకిన సైనికుడు. క్రమశిక్షణ తప్ప ఇంకో ధ్యాస లేని మనిషి. డేవిస్‌తో ఆయనకి ఎప్పుడూ చిక్కు రాలేదు. 1959లో, డేవిస్ మొదటి సీజన్‌లో, సిరక్యూజ్ ఒక్క ఆట కూడా ఓడిపోలేదు. దేశంలోకెల్లా ఎక్కువ గజాలు సాధించిన జట్టూ వాళ్లదే, అవతలివాళ్లకి తక్కువ గజాలు ఇచ్చిన జట్టూ వాళ్లదే. కొత్త సంవత్సరం రోజున, 1960 జనవరి 1న, డాలస్‌లో కాటన్ బౌల్. ఎదురుగా టెక్సస్ యూనివర్సిటీ. వాళ్ల జట్టులో నల్లవాళ్లు లేరు. ఇంకో పదేళ్ల వరకూ ఉండబోరు కూడా. సిరక్యూజ్ జట్టులో ముగ్గురు: డేవిస్, ఆర్ట్ బేకర్, జాన్ బ్రౌన్.

ఆటకి ముందు డేవిస్‌కి తొడ కండరం పట్టేసింది. అయినా దిగాడు. ఆట మొదలైన కాసేపటికే జట్టు సహచరుడు విసిరిన బంతిని అందుకుని పరిగెత్తాడు, మొత్తం 87 గజాలు. అప్పటికి కాటన్ బౌల్‌లో అది రికార్డు. తర్వాత ఇంకోసారి గీత దాటాడు. అప్పట్లో ఒకే మనిషి దాడిలోనూ, రక్షణలోనూ ఆడాలి కాబట్టి, టెక్సస్ విసిరిన బంతినొకదాన్ని మధ్యలో కాజేశాడు కూడా. మొదటి సగం చివర్లో కొట్లాట అయింది. జాన్ బ్రౌన్‌ని జాతి పేరుతో తిట్టారని సిరక్యూజ్ వాళ్లన్నారు, లేదని టెక్సస్ వాళ్లన్నారు. ఆట 23-14తో ముగిసింది. సిరక్యూజ్ జాతీయ విజేత. ఆ రోజు ఉత్తమ ఆటగాడు డేవిస్.

ఆ రాత్రి విందు. నా దృష్టిలో డేవిస్ కథకి నడిబొడ్డు ఇదే. బహుమతులు ఇచ్చాక ముగ్గురు నల్లజాతి ఆటగాళ్లూ వెళ్లిపోవాలన్నారు, ఆ తర్వాతి వేడుక వాళ్లకి కాదు. ఇంతవరకూ అందరూ ఒకేలా చెబుతారు. ఆ తర్వాత జరిగినదానికి రెండు కథలున్నాయి. ఒక కథలో జట్టంతా లేచి వాళ్లతోపాటు బయటికి నడిచింది. ఇంకో కథలో సహచరులు లేవబోయారు గానీ, యూనివర్సిటీ పెద్దలే వాళ్లని కూర్చోబెట్టారు. మొదటి కథకి ప్రచారం ఎక్కువ. నాకు రెండోదే నమ్మబుద్ధవుతుంది. ఇలాంటి విందుల్లో ఎవరూ అరవరు. ఒక పెద్దమనిషి బల్ల దగ్గరికొచ్చి, వంగి, చెవిలో చెప్పి వెళ్తాడు. ఇంకో పెద్దమనిషి అతిథులుగా వచ్చాం కదా, గొడవెందుకంటాడు.

ఆ పూట ఆటలో అందరికంటే గొప్పగా ఆడినవాడికి ఇరవై ఏళ్లు. అతను ఏమీ అనలేదు. ఆ తర్వాత కూడా దాని గురించి రచ్చ చెయ్యలేదు. సరిగ్గా నెల తిరిగేసరికి, ఫిబ్రవరి 1న, గ్రీన్స్‌బరోలో ఇంచుమించు అతని ఈడువాళ్లే నలుగురు నల్లజాతి విద్యార్థులు వూల్‌వర్త్ దుకాణంలో తెల్లవాళ్ల భోజనం కౌంటర్ దగ్గర కూర్చుని లేవమన్నారు. వాళ్లూ అరవలేదు, వాళ్లూ మర్యాదస్తులే. కానీ లేవలేదు. ఈ రెండు మర్యాదలనీ పక్కపక్కన పెట్టి, డేవిస్‌ని తక్కువ చెయ్యడానికి నాకు మనసొప్పదు. వాళ్లు లేవకూడదని ముందే అనుకుని వెళ్లారు. ఇతను ఆడటానికి వెళ్లాడు.

1960లో 877 గజాలు, పరుగుకి 7.8. 1961లో 823, పరుగుకి 5.5. అంకెల్లో చూస్తే 1960దే మంచి సీజన్, ట్రోఫీ మాత్రం 1961లో వచ్చింది. అది కూడా ఒహయో స్టేట్ ఆటగాడు బాబ్ ఫెర్గూసన్ మీద 53 పాయింట్ల తేడాతో. ఫెర్గూసన్ కూడా నల్లజాతి వాడే, ఇది చాలామంది చెప్పరు. అప్పటికి డేవిస్ జిమ్ బ్రౌన్ రికార్డుల్ని దాటేశాడు: మొత్తం 2,386 గజాలు. ట్రోఫీ ఇచ్చిన రోజున కెనెడీ న్యూయార్క్‌లోనే ఉన్నాడు, పిలిపించుకుని చెయ్యి కలిపాడు. ఆ ఫొటోలో డేవిస్ నవ్వు చూడాలి. నిజంగా సంతోషంగా ఉన్నాడు.

ఆ వారంలోనే ప్రొఫెషనల్ లీగ్ డ్రాఫ్ట్‌లో అతన్ని అందరికంటే ముందు ఎంచుకున్నారు. నల్లజాతి ఆటగాడికి అదీ మొదటిసారే. ఎంచుకున్నది వాషింగ్టన్ జట్టు. లీగ్ మొత్తంలో నల్లవాళ్లని తీసుకోని ఏకైక జట్టు అది. యజమాని జార్జ్ ప్రెస్టన్ మార్షల్ ససేమిరా అనేవాడు. కొత్త స్టేడియం ప్రభుత్వ భూమిలో ఉంది, పద్ధతి మార్చుకోకపోతే అందులో ఆడనివ్వం అని కెనెడీ మంత్రి స్ట్యువర్ట్ యూడాల్ మెడ మీద కత్తి పెట్టాక దారికొచ్చాడు. వాళ్లు డేవిస్‌ని క్లీవ్‌లాండ్‌కి ఇచ్చి, బదులుగా బాబీ మిచెల్‌ని తెచ్చుకున్నారు. క్లీవ్‌లాండ్‌లో అప్పటికే ఉన్నది ఎవరనుకున్నారు? జిమ్ బ్రౌన్. ఇద్దరు 44లూ ఒకే జట్టులో.

వాళ్లిద్దరూ కలిసి ఒక్క ఆటా ఆడలేదు. 1962 వేసవిలో డేవిస్‌కి రక్త కేన్సర్ అని తేలింది. ఆగస్టులో ఒక సన్నాహక ఆటకి ముందు దీపాలన్నీ ఆర్పి, అతనొక్కడి మీదే వెలుగు వేసి క్లీవ్‌లాండ్ మైదానంలో నడిపించారు. 1963 మే 18న చనిపోయాడు, ఇరవై మూడేళ్లకి. చనిపోవడానికి రెండు నెలల ముందు ఒక పత్రికలో తన మాటల్లోనే, నాది దురదృష్టమని అనుకోవడం లేదని చెప్పుకున్నాడు. జాన్ జోన్స్, మార్క్ ట్వేన్ ఉన్న ఎల్మైరా వుడ్‌లాన్ శ్మశానంలోనే అతన్నీ పాతిపెట్టారు. ఈ భాగాన్ని ఇంతకంటే సాగదియ్యను. డేవిస్ మీద వచ్చే రాతల్లో సగం ఈ మరణం మీదే ఉంటాయి, దాని వెలుగులో అంతకుముందు జరిగినవన్నీ మెత్తబడిపోతాయి.

ఎందుకంటే ఏడేళ్ల తర్వాత, 1970లో, అదే సిరక్యూజ్‌లో, అదే కోచ్ దగ్గర, నల్లజాతి ఆటగాళ్లు ప్రాక్టీసుకి రామన్నారు. వాళ్లని 'సిరక్యూజ్ 8' అంటారు, నిజానికి తొమ్మిదిమంది. అడిగినవి ఇవి: దెబ్బ తగిలితే సరైన వైద్యం, చదువులో మిగతావాళ్లకిచ్చే సాయమే మాకూ, రంగు చూడకుండా స్థానాలు, కోచ్‌లలో ఒక నల్లవాడు. వింతకోర్కె ఒక్కటైనా ఉందా? వాళ్లని జట్టు నుంచి తప్పించారు. ష్వార్ట్‌జ్‌వాల్డర్‌కి ఇదంతా అర్థం కాలేదనే నా అనుమానం. ఎర్నీ ఎప్పుడూ ఇలా అడగలేదే అనుకుని ఉంటాడు. మంచి కుర్రాడు మిగిల్చిపోయిన కొలత అది, దాంట్లో అతని తప్పేమీ లేకపోయినా. యూనివర్సిటీ వాళ్లని వెనక్కి పిలిచి, క్షమాపణ చెప్పి, పతకాలిచ్చింది 2006లో.

సినిమా వచ్చిన 2008లోనే సిరక్యూజ్ క్యాంపస్‌లో డేవిస్ కంచు విగ్రహం పెట్టారు. ఆవిష్కరించాక ఎవరో బూట్ల వైపు చూశారు. వాటి మీద నైకీ గుర్తు ఉంది. అతను ఆడిన రోజుల్లో ఆ కంపెనీయే పుట్టలేదు. చేతిలో ఉన్న హెల్మెట్ కూడా ఇప్పటిదే. తర్వాత వాటిని సరిచేశారు.